గుండెలో చిల్లు, కోడ్‌లో చివరి అంకె

మా అక్క గుంటూరు నుంచి ఫోన్ చేసింది, పాప పుట్టిన మూడో రోజు, ఏడుస్తూ, "ఒరేయ్, పాప గుండెలో చిల్లు ఉందటరా" అని. నేను వెంటనే అడిగింది "ఏ గోడలో?" అని. అక్కకి ఒళ్ళు మండి ఫోన్ పెట్టేసింది. తర్వాత బావ ఎకో రిపోర్టు ఫొటో తీసి వాట్సాప్‌లో పెట్టాడు, కింద డాక్టరుగారు పెన్నుతో రాసింది ఒకే ఒక్క లైను: ఓఎస్-ఏఎస్‌డీ 3 ఎంఎం, ఎల్ టు ఆర్ షంట్, 6 నెలల తర్వాత రివ్యూ. మామూలు మేనమామకి ఆ లైను చూస్తే భయం వెయ్యాలి, నాకేమో బుర్రలో ఒక నంబరు తిరిగింది, క్యూ21.11.

నేను హైదరాబాద్‌లో మెడికల్ కోడర్‌ని. అమీర్‌పేటలో కోచింగ్, సీపీసీ అనే కోడర్ల సర్టిఫికెట్ పరీక్ష, ఇక అప్పట్నుంచి రోజంతా అమెరికా ఆస్పత్రుల చార్టులు చదవడమే పని. ఫోన్ లాకర్లో పెట్టేసి లోపలికి వెళ్తాం, పెన్నూ కాగితం కూడా తీసుకెళ్ళనివ్వరు. డాక్టరు ఇంగ్లీషులో రాసిన జబ్బుని ఐసీడీ-10-సీఎం అనే పద్ధతిలో ఒక అక్షరం, కొన్ని అంకెలుగా మార్చాలి, ఆ కోడ్ చూసే ఇన్సూరెన్స్ డబ్బు ఇస్తుంది, లేదా ఇవ్వనని డినయల్ కొడుతుంది. చాలామందికి తెలిసింది ఇంతవరకే. అయితే ఆ కోడ్ అక్కడితో ఆగదు, ఎంతమంది పిల్లలు గుండె లోపంతో పుట్టారని లెక్కగట్టేవాళ్ళలో చాలామంది చేతిలో చివరికి ఉండేది కూడా ఇవే అంకెలు.

అసలు జబ్బులకి ఒకే వరస పట్టిక ఉండాలన్న ఆలోచన డబ్బు కోసం పుట్టింది కాదు, చావుల లెక్క కోసం పుట్టింది. 1893లో జాక్ బెర్టిలాన్ అనే ఫ్రెంచి గణాంకవేత్త చావు కారణాల పట్టిక ఒకటి పెట్టాడు, తర్వాత ఐసీడీగా మారిన ఆ పట్టిక పనిని 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ చేతిలోకి తీసుకుంది, అమెరికా వాళ్ళు పదో వెర్షన్‌కి తమ సొంత అంకెలు కలుపుకుని 2015 అక్టోబరు 1 నుంచి వాడుతున్నారు. అందులో పుట్టుకతో వచ్చే లోపాలన్నీ క్యూ అక్షరం కింద, గుండెవీ రక్తనాళాలవీ క్యూ20 నుంచి క్యూ28 దాకా ఉంటాయి.

ఇప్పుడు చిల్లు సంగతి. పదో తరగతిలో కర్ణికలు, జఠరికలు అని చదువుకున్నాం కదా, పైన రెండు గదులు, కింద రెండు గదులు, మధ్యలో గోడ. అయితే మనకి చెప్పనిది ఏంటంటే, కడుపులో ఉన్న ప్రతి బిడ్డకీ పై గదుల మధ్య గోడలో దారి ఉంటుంది, ఉండి తీరాలి కూడా. ఎందుకంటే కడుపులో ఊపిరితిత్తులు నీళ్ళతో నిండి ఉంటాయి, ఆక్సిజన్ తల్లి మాయ నుంచి బొడ్డుతాడు గుండా వస్తుంది, అలా వచ్చిన మంచి రక్తం కుడి పై గదిలోకి చేరి ఊపిరితిత్తుల వైపు తిరక్కుండా నేరుగా ఎడమ పై గదిలోకి దాటిపోవాలి. ఆ దాటే దారి పేరు ఫొరామెన్ ఒవాలే. దానికి ఒకవైపుకే తెరుచుకునే పల్చటి తలుపు రెక్క ఉంటుంది. బిడ్డ పుట్టి కెవ్వుమని ఏడ్చిన క్షణం ఊపిరితిత్తులు విచ్చుకుంటాయి, అక్కడికి రక్తం పొంగుకొస్తుంది, అది తిరిగి ఎడమ గదిలోకి చేరేసరికి అక్కడ ఒత్తిడి పెరిగి ఆ రెక్క గోడకి అతుక్కుంటుంది. అతుక్కోవడం అంటే మొదట్లో ఒత్తిడికి మూసుకుని ఉండటమే, నిజంగా కండ కలిసిపోవడానికి నెలలు పడుతుంది, ప్రతి నలుగురు పెద్దవాళ్ళలో దాదాపు ఒకరికి అది జీవితాంతం పూర్తిగా అతుక్కోదు. దాన్నే పీఎఫ్‌ఓ, అంటే మూసుకోని ఫొరామెన్ ఒవాలే అంటారు. ఇది చదువుతున్న మీలో కూడా బోలెడు మందికి ఉండొచ్చు, తెలియను కూడా తెలియదు.

ఏఎస్‌డీ వేరు. పీఎఫ్‌ఓ అంటే తలుపు ఉంది, గడియ పడలేదు. ఏఎస్‌డీ అంటే గోడలోనే కండ తక్కువై కన్నం మిగిలిపోయింది. పెద్ద కన్నమైతే ఏళ్ళ తరబడి ఎడమ నుంచి కుడికి రక్తం పారి కుడి వైపు గదులు ఉబ్బుతాయి, అప్పుడు తొడ దగ్గర నాళంలోంచి గొడుగులాంటి పరికరం పంపి మూస్తారు, లేదా ఆపరేషన్ చేస్తారు. చిన్నవి, 3 మిల్లీమీటర్ల లోపువి, చాలావరకు వాటంతటవే మూసుకుంటాయి, 8 దాటినవి మూసుకోవడం అరుదు. డాక్టర్లు ఓఎస్-ఏఎస్‌డీ అని రాసేది ఆస్టియం సెకండం రకం, గోడ నడిమధ్యన ఉండేది, అన్నిటికంటే ఎక్కువగా కనిపించేది.

మరి తలుపుకీ కన్నానికీ ఇంత తేడా ఉన్నప్పుడు కోడ్‌లు వేరుగా ఉండాలి కదా? 2022 సెప్టెంబరు చివరి దాకా లేవు! రెండింటికీ కలిపి ఒకటే, క్యూ21.1. అంతకు ముందు ఐసీడీ-9 రోజుల్లోనూ అంతే, 745.5 అనే ఒకే నంబరులో రెండూ పడేవి. కోడ్ టైటిల్ చదివితే ఏట్రియల్ సెప్టల్ డిఫెక్ట్ అని ఉంటుంది, అంటే గడియ పడని తలుపున్న బిడ్డ కూడా కాగితం మీద కన్నమున్న బిడ్డే.

దీని దెబ్బ నాకు 2021లో తగిలింది. నెలలు నిండి పుట్టిన బిడ్డ చార్టు, రెండో రోజు గుండె చప్పుడులో మర్మర్, అంటే అదనపు శబ్దం, వినిపించిందని ఎకో తీశారు, ఎకోలో పీఎఫ్‌ఓ, వయసుకి తగ్గట్టే ఉంది అని రాశారు. నేను కొత్త, టార్గెట్ తొందర, ఎకోలో కనిపించింది కదా అని క్యూ21.1 వేసేశాను. ఆడిట్‌లో ఎర్రర్ పడింది. మా పనిలో తప్పులు చూసే క్యూఏ మేడమ్ కుర్చీ లాక్కుని పక్కన కూర్చుని అడిగిన ప్రశ్న ఇప్పటికీ గుర్తుంది, "పిల్లల డాక్టరు డిశ్చార్జి సమ్మరీలో ఎక్కడైనా పీఎఫ్‌ఓ అన్న మాట రాశారా, చూపించు" అని. లేదు. ఆయన నార్మల్ న్యూబార్న్ అని రాసి ఇంటికి పంపేశారు. టెస్టు రిపోర్టులో కనిపించినదంతా జబ్బు కాదు, చూస్తున్న డాక్టరు దానికి ప్రాముఖ్యం ఉందని రాస్తేనే మేం కోడ్ చెయ్యాలి. పుట్టిన బిడ్డల విషయంలో రూల్స్ ఇంకో మెట్టు పైకి వెళ్తాయి, పరీక్ష చేశారా, వైద్యం చేశారా, ఎక్కువ రోజులు ఉంచారా లాంటి మామూలు షరతులతో పాటు పెద్దవాళ్ళకి లేని షరతు ఒకటి ఉంటుంది: ముందు ముందు ఈ బిడ్డకి దీనివల్ల వైద్యం అవసరం పడుతుందని డాక్టరు చెప్పారా. నాకు మాత్రం ఈ షరతు భలే నచ్చుతుంది, ఇవాళ ఏమీ లేకపోయినా రేపటి గురించి డాక్టరు ఏమనుకుంటున్నాడో అడుగుతుంది. ఆరు నెలల తర్వాత రివ్యూకి రమ్మని రాస్తే లెక్క మారిపోతుంది అన్నమాట.

2022 అక్టోబరు 1న ఆ క్యూ21.1 ఎనిమిది ముక్కలైంది. సెకండం క్యూ21.11, పీఎఫ్‌ఓ క్యూ21.12, కరోనరీ సైనస్ దగ్గరది క్యూ21.13, ఇలా చివర్లో క్యూ21.19 దాకా, ఏ రకమో డాక్టరు రాయకపోతే క్యూ21.10. ఆ వారం మా ఫ్లోర్‌లో గోలగోల, పాత అలవాటులో చివరి అంకె మర్చిపోయి క్లెయిములు వెనక్కి వచ్చాయి. గొణుక్కున్నాం గానీ నిజానికి చాన్నాళ్ళ కిందటే జరగాల్సిన పని ఇది. పాత కోడ్‌లతో గుండె లోపాలు లెక్కపెట్టిన పరిశోధకులు ఒంటరిగా 745.5 మాత్రమే ఉన్నవాళ్ళని చాలాసార్లు పక్కన పెట్టేసేవారు, ఎందుకంటే అందులో ఎవరిది తలుపో ఎవరిది కన్నమో విడదీసే దారి లేదు. పక్కన పెడితే నిజమైన ఏఎస్‌డీ పిల్లలు కొందరు లెక్కలోంచి పోతారు, పెట్టకపోతే ఆరోగ్యంగా ఉన్నవాళ్ళు రోగులవుతారు.

విడ్డూరం ఏంటంటే పై గోడకి ఎనిమిది ఇచ్చినవాళ్ళు కింది గోడకి, అంటే వీఎస్‌డీకి, ఒక్కటే ఇచ్చారు, క్యూ21.0. కండరం మధ్యలో సన్నటి చిల్లు, ఏడాది రెండేళ్ళలో దానంతటదే పూడిపోయేదీ అదే కోడ్, బిడ్డ పాలు తాగలేక ఆయాసపడి చెమటలు పట్టి కొన్ని నెలలకే ఆపరేషన్ దాకా వెళ్ళేదీ అదే కోడ్.

ఇంకో దారి కూడా ఉంది, దాని కథ ఇంకా మెలిక. పుపుస ధమనికీ బృహద్ధమనికీ మధ్య చిన్న గొట్టం, డక్టస్ ఆర్టీరియోసస్. ఇది కూడా కడుపులో అందరికీ ఉంటుంది, పుట్టాక రక్తంలో ఆక్సిజన్ పెరిగి, దాన్ని తెరిచి ఉంచే ప్రోస్టాగ్లాండిన్ అనే రసాయనం తగ్గేసరికి మొదటి రెండు మూడు రోజుల్లో ముడుచుకుపోతుంది. నెలలు నిండని బిడ్డలకి చాలాసార్లు ముడుచుకోదు, అప్పుడు ఇబుప్రొఫెన్‌తోనో పారాసెటమాల్‌తోనో మూయడానికి చూస్తారు, అవును, మనం జ్వరానికి వేసుకునే ఆ పారాసెటమాలే. ఇక్కడ కోడర్‌కి చిక్కు: పేటెంట్ డక్టస్, అంటే తెరిచే ఉన్న డక్టస్, అని రాస్తే క్యూ25.0, పుట్టుకతో వచ్చిన లోపం. మూసుకోవడం ఆలస్యమైంది అని రాస్తే పి29.38, అది లోపం కాదు, కడుపులోని రక్త ప్రసరణ ఇంకా పోలేదు అని మాత్రమే. గొట్టం అదే, ఎకో బొమ్మ అదే, డాక్టరు కలం నుంచి ఏ మాట వచ్చిందన్నదే తేడా. మాకు అనుమానం వస్తే డాక్టరుకి క్వెరీ వేసి అడగాలి, ఊహించకూడదు.

అదే గొట్టం కొందరు బిడ్డలకి ప్రాణం. ఎడమ వైపు గుండె సరిగ్గా ఎదగని హెచ్‌ఎల్‌హెచ్‌ఎస్ ఉన్న బిడ్డ, కోడ్ క్యూ23.4, పుట్టిన రోజు ఎర్రగా బొద్దుగా బాగానే ఉంటుంది, ఎందుకంటే ఒంటికి రక్తం ఆ డక్ట్ గుండానే అందుతోంది. రెండో రోజో మూడో రోజో అది మూసుకోగానే బిడ్డ ఒక్కసారిగా బూడిద రంగులోకి తిరిగిపోతుంది. ఇలాంటి బిడ్డల్ని ముందే పట్టుకోవడానికే అమెరికాలో 2011లో ఒక సులువైన పరీక్ష సిఫార్సు చేశారు: 24 గంటలు దాటాక కుడి చేతికీ ఒక పాదానికీ ఆక్సిమీటర్ పెట్టి చూడటం, ఎందులోనైనా ఆక్సిజన్ 90 శాతం లోపు వస్తే వెంటనే ఎకో. కోవిడ్ రోజుల్లో మనందరం వేలికి పెట్టుకున్న ఆ క్లిప్పే. పుట్టే ప్రతి వందమందిలో దాదాపు ఒకరికి ఏదో ఒక గుండె లోపం ఉంటుంది, వాళ్ళలో నాలుగో వంతు ఇలా తొందరపడాల్సిన రకం.

ఫాలో టెట్రాలజీ గురించి రాయకపోతే మా ట్రైనర్ ఊరుకోడు. 1888లో ఫ్రాన్సులోని మార్సెయిల్‌లో ఆర్థర్ ఫాలో అనే డాక్టరు నాలుగు లోపాలు కలిసి ఉండటాన్ని వివరంగా రాశాడు: కింది గోడలో చిల్లు, ఊపిరితిత్తుల దారి ఇరుకు, బృహద్ధమని ఆ చిల్లు మీదికి జరగడం, కుడి జఠరిక మందమెక్కడం. కొత్తగా చేరిన ప్రతివాడూ వీటికి నాలుగు కోడ్‌లు వేసి మురిసిపోతాడు, నేనూ వేశాను. వెయ్యాల్సింది ఒక్కటే, క్యూ21.3, నాలుగూ అందులోనే ఉన్నాయి. రక్తంలో ఆక్సిజన్ చాలక ఒళ్ళు నీలంగా ఉండే ఈ పిల్లల్లో కొందరు డక్ట్ మూసుకున్నాక ఇంకా నీలంగా మారడం పిల్లల గుండె డాక్టరు హెలెన్ టాసిగ్ గమనించింది, అయితే మనమే ఒక డక్ట్ కడదాం అన్న ఆలోచన అక్కడ పుట్టింది, వివియన్ థామస్ ల్యాబ్‌లో కుక్కల మీద ఆ పద్ధతి కుదిర్చాడు, 1944 నవంబరు 29న జాన్స్ హాప్‌కిన్స్ ఆస్పత్రిలో సర్జన్ ఆల్ఫ్రెడ్ బ్లేలాక్ చేసిన ఆపరేషన్ అదే.

చిన్న చిన్న ఉచ్చులు ఇంకా బోలెడు. పెద్దవాళ్ళకి మర్మర్ అంటే ఆర్01.1 అని కళ్ళు మూసుకుని కొట్టేస్తాం, కానీ ఆర్01 కింద చిన్న అక్షరాల్లో ఒక నోట్ ఉంటుంది, పుట్టిన తొలి రోజుల్లో మొదలైన మర్మర్ ఇక్కడ కాదు, పి29.8 కిందకి వెళ్ళు అని. ఆ తొలి రోజులు అంటే కోడర్ల భాషలో పుట్టిన 28వ రోజు దాకా. పుట్టిన ఆస్పత్రిలో మొదటి కోడ్ ఎప్పుడూ జెడ్38, అంటే బిడ్డ ప్రాణంతో పుట్టింది అని, ఎంత పెద్ద గుండె లోపం ఉన్నా దాని తర్వాతే. అదే బిడ్డని అంబులెన్స్‌లో పెద్దాస్పత్రికి పంపితే అక్కడ జెడ్38 వెయ్యకూడదు, బిడ్డ ఒక్కసారే కదా పుట్టేది.

ఇంత తంతులో ఏదీ అక్క చూసిన కాగితంలో లేదు. ఆరు నెలలు ఆవిడ ఆ రిపోర్టుని బీరువాలో చీరల కింద దాచింది, అత్తగారి వైపు వాళ్ళకి తెలిస్తే ఆడపిల్లకి గుండె జబ్బు అంటారని భయం. నేను తలుపు, గడియ, గోడ అని ఎంత చెప్పినా "నువ్వు డాక్టరువా" అనేది. కాదు, నిజమే, నా ఉద్యోగంలో మొదటి రూలే అది. రివ్యూకి నేనూ వెళ్ళాను. డాక్టరుగారు పాప ఛాతీ మీద జెల్ రాసి, పాప కాలితో ప్రోబ్‌ని తంతుంటే నవ్వుకుంటూ అటూ ఇటూ తిప్పి చూసి, మళ్ళీ పెన్నుతో ఒకటే లైను రాశారు, ఐఏఎస్ ఇంటాక్ట్.

"ఇంటాక్ట్ అంటే?" అంది అక్క మెట్లు దిగుతూ.

"ఐఏఎస్ అంటే ఆ పై గదుల మధ్య గోడ, అది మొత్తం ఉందని."

"మరి దీనికి నంబరెంత?"

"దీనికి లేదు" అన్నాను. కాగితం మడిచి టీకాల కార్డులో పెట్టుకుంది.