గిల్డ్‌ఫర్డ్ కేసు: తెర మీది సత్యం, కోర్టు దస్త్రాల్లోని సత్యం

చేయని నేరానికి శిక్ష పడినవారిపై వచ్చిన సినిమాలలో చరిత్రను ఎంతవరకు మార్చవచ్చన్న చర్చ వచ్చినప్పుడల్లా ప్రస్తావనకు వచ్చే చిత్రం, గిల్డ్‌ఫర్డ్ కేసుపై జిమ్ షెరిడన్ 1993లో తీసిన ‘ఇన్ ద నేమ్ ఆఫ్ ద ఫాదర్’.

1974 అక్టోబర్ 5న ఇంగ్లండ్‌లోని గిల్డ్‌ఫర్డ్‌లో, సైనికులు ఎక్కువగా వెళ్లే రెండు పబ్బులలో ఐఆర్ఏ (ఉత్తర ఐర్లండ్‌లో బ్రిటిష్ పాలనపై సాయుధంగా పోరాడిన సంస్థ) బాంబులు పేలి ఐదుగురు మరణించారు. నిందితులను అభియోగం మోపకుండానే ఏడు రోజుల వరకు నిర్బంధించే కొత్త చట్టం ఆ నవంబరులో వచ్చింది. దాని కింద పట్టుబడిన గెర్రీ కాన్లన్, పాల్ హిల్, పాడీ ఆర్మ్‌స్ట్రాంగ్, కరోల్ రిచర్డ్‌సన్‌లకు 1975లో యావజ్జీవ శిక్ష పడింది. ఆధారం వారి నేరాంగీకార వాంగ్మూలాలే; కొట్టి, బెదిరించి రాయించుకున్నారని నిందితులు మొదటి నుంచీ చెప్పినా కోర్టు నమ్మలేదు. ఆ పేలుళ్లు తమ పనేనని 1977లో ఐఆర్ఏ సభ్యులే చెప్పినా అప్పీలు నెగ్గలేదు.

కొడుకును ఆదుకోవడానికి బెల్‌ఫాస్ట్ నుంచి లండన్ వచ్చిన గెర్రీ తండ్రి గుసెప్పి కాన్లన్‌ను కూడా అరెస్టు చేశారు. వారి బంధువులైన మగ్వైర్ కుటుంబంతో కలిపి మొత్తం ఏడుగురిపై నడిచిన ఆ కేసు వేరు, విచారణ వేరు. అక్కడ ప్రధాన సాక్ష్యం వాంగ్మూలం కాదు, చేతులపైన, గ్లవుజులపైన నైట్రోగ్లిజరిన్ ఆనవాళ్లు దొరికాయన్న ప్రయోగశాల పరీక్ష. గుసెప్పి శిక్ష అనుభవిస్తూనే 1980లో మరణించారు.

సినిమా ఈ రెండు విచారణలనూ ఒకటి చేసింది, తండ్రీకొడుకులను ఒకే గదిలో ఉంచింది. నిజానికి వారెన్నడూ ఒకే గదిలో లేరు. అయినా ఈ రెండో మార్పును తప్పుపట్టడం నాకు కష్టం, ఎందుకంటే తన వల్లే తండ్రి జైలుపాలయ్యాడన్న కొడుకు వేదన వాస్తవమే, దాన్ని చూపడానికి తెరకు ఒక గది కావలసి వచ్చింది. విచారణలను కలిపేయడం మాత్రం అంత తేలికగా సమర్థించదగినది కాదు. వాంగ్మూలం ఒక్కటే కాదు, శాస్త్రం పేరుతో వచ్చిన సాక్ష్యం కూడా నిర్దోషులను జైలుకు పంపగలదన్న సంగతి దానితో మరుగున పడింది.

అన్నిటికంటే పెద్ద మార్పు ముగింపులో ఉంది. ఎమ్మా థామ్సన్ పోషించిన గారెత్ పియర్స్ (గెర్రీ కాన్లన్ లాయరు) పాత్ర, దాచిపెట్టిన సాక్ష్యాన్ని కోర్టులో బయటపెట్టి వాదిస్తుంది. నిజానికి పియర్స్ సొలిసిటర్, అంటే కేసును సిద్ధం చేసే లాయరు; ఆనాటి బ్రిటిష్ పద్ధతిలో అప్పీలు కోర్టులో వాదించేది బారిస్టర్లనే వేరే లాయర్లు. గెర్రీ కాన్లన్ పేలుళ్ల రోజు వేరేచోట ఉన్నాడన్న సాక్ష్యాన్ని నిందితుల లాయర్లకు ఇవ్వకపోవడం నిజమే. కానీ 1989 అక్టోబర్ 19న శిక్షల రద్దుకు దారితీసింది మరింత పొడిగా కనిపించే కాగితాలు: ఆర్మ్‌స్ట్రాంగ్ ఇంటరాగేషన్‌పై పోలీసులు టైపు చేసి, చేత్తో దిద్దుకున్న నోట్సు. ఇంటరాగేషన్ జరుగుతుండగానే రాసినవని కోర్టుకు చూపిన చేతిరాత నోట్సు తర్వాత తయారైనవన్న అనుమానం వాటితో బలపడింది. సినిమా ఆ నోట్సు ఊసెత్తకపోవడంతో, ఇంటరాగేషన్ నోట్సునే తయారు చేసుకోగల పోలీసు అలవాటు పక్కకు జరిగి, ఎవరో ఒక అధికారి దాచిన కాగితం ముందుకొచ్చింది.

మగ్వైర్ ఏడుగురి శిక్షలు 1991లో రద్దయ్యాయి. నోట్సు వ్యవహారంలో విచారణ ఎదుర్కొన్న ముగ్గురు మాజీ పోలీసులు 1993లో, సినిమా విడుదలైన ఏడాదే, నిర్దోషులుగా బయటపడ్డారు. బ్రిటిష్ ప్రధాని టోనీ బ్లెయిర్ రెండు కుటుంబాలకూ క్షమాపణ చెప్పింది 2005లో.