ఆకలితో చావని మేక

“మేత అయిపోతే మేకలు చచ్చిపోతాయి కదండీ. మరి అడవంతా తినేసిన ఆ ముళ్ల ఉండలు ఎందుకు చావలేదు?”

కెల్ప్ అనే పెద్ద నాచు పెరిగే సముద్రపు అడవుల గురించీ, వాటిని తినేసే సీ అర్చిన్ల గురించీ నేను మాట్లాడిన ఒక సభలో వెనక వరుసలోంచి ఓ డిగ్రీ కుర్రాడు అడిగాడు. అప్పటికి ఏదో సర్దిచెప్పాను గానీ, ఇంటికి చేరేదాకా ఆ ప్రశ్న నన్ను వదల్లేదు. సీ అర్చిన్ల కథలో అసలు కిటుకంతా అందులోనే ఉంది. మేక అన్న మాట కూడా అతనిదే. ఆ మేకనే పట్టుకుని చెబుతాను.

సీ అర్చిన్ ఎలా ఉంటుందో ఎక్కువ చెప్పను. గుండ్రటి పెంకు, ఒళ్లంతా ముళ్లు. విశాఖ తీరంలో ఆటు సమయాన రాళ్ల మధ్య నీటిగుంటల్లో ఓపిగ్గా వెతికితే కనిపిస్తుంది. చూడకుండా కాలు వేస్తే ఇంకా బాగా తెలుస్తుంది. నోరు అడుగు వైపు ఉంటుంది. ఆ నోటి గురించి మాత్రం చెప్పకుండా ముందుకు పోలేను. చుట్టూ ఐదు పళ్లు, వాటిని కదిపే ఓ చట్రం. అరిస్టాటిల్ దీన్ని లాంతరుతో పోల్చాడని ఇప్పటికీ ‘అరిస్టాటిల్ లాంతరు’ అనే అంటారు. పళ్లేమో కాల్సైట్, అంటే సుద్దముక్క, పాలరాయి జాతి పదార్థం. అంత మెత్తటి సరుకుతో రాయిని గీకి తినడం ఎలా? పన్ను లోపల కాల్సైట్ పలకలూ నారలూ వరసలుగా పేర్చి ఉంటాయి, వాటి మధ్య సన్నటి సేంద్రియ పొరలు ఉంటాయి. అంచు మొద్దుబారితే ఆ పొర దగ్గరే చిన్న పెచ్చు ఊడిపోయి, కింద నుంచి కొత్త పదును బయటపడుతుంది. మెగ్నీషియం ఎక్కువున్న నడిమి భాగం గట్టిగా నిలబడుతుంది. అరిగినంత మేరా వెనక నుంచి పన్ను పెరుగుతూనే ఉంటుంది. మన కొడవలికి సాన పట్టాలి, దీనికి పని చేయడమే సాన.

ఈ అర్చిన్ల శిలాజాలు పొలాల్లో దొరికితే ఉత్తర ఐరోపా రైతులు పిడుగుతో పాటు పడిన రాళ్లనుకుని, ఇంటి మీద పిడుగు పడకుండా దాచుకునేవారు. నవ్వే పని లేదు. మన సాలగ్రామాలూ అమ్మోనైట్ అనే పాతకాలపు సముద్రజీవి శిలాజాలే. రాతిలో తీరైన ఆకారం కనిపిస్తే మనిషి ఏ దేశంలోనైనా ఊరుకోడు.

సరే, మేక దగ్గరికి వద్దాం. ఊళ్లో పెద్ద వేపచెట్టు ఉందనుకోండి. దాని కింద పది మేకలు కట్టేసినా చెట్టుకు ఏమీ కాదు. రాలిన ఆకులూ అందిన రెమ్మలూ తిని పడుకుంటాయి. ఆ చెట్టు కొట్టేసి, అక్కడే కొత్త మొక్క నాటి చూడండి. పది మేకలు అక్కర్లేదు, ఒక్కటి చాలు, చిగురు పెట్టనివ్వదు. మొక్కకు కంచె కావాలి, చెట్టుకు అక్కర్లేదు. కాబట్టి చెట్టున్నప్పుడు ఆ నేల ఎన్ని మేకల్ని భరిస్తుందో, చెట్టు పోయాక తిరిగి రావాలంటే మేకలు ఎన్నికి తగ్గాలో, ఆ రెండు లెక్కలూ ఒకటి కావు. శాస్త్రజ్ఞులు దీనికి హిస్టరిసిస్ అని పేరు పెట్టారు. చల్లటి సముద్రాల్లో రకరకాల చోట్ల కొలిచి చూస్తే, కెల్ప్ అడవిని కూల్చడానికి ఎంత బరువు అర్చిన్లు కావాలో, అడవి మళ్లీ లేవాలంటే దాదాపు అందులో పదో వంతుకు అవి తగ్గాలని తేలింది. సగానికి తగ్గించి చేతులు దులుపుకుంటే లాభం లేదు.

కెల్ప్ అంటే గోధుమరంగు నాచు. నాచు అనగానే చెరువు మెట్ల మీద జారేది గుర్తొస్తుంది గానీ, ఇది కొబ్బరిచెట్టంత, అంతకు మించి కూడా పెరుగుతుంది. జెయింట్ కెల్ప్ పరిస్థితి బాగుంటే రోజుకు అరమీటరు దాకా సాగుతుంది. అడుగున వేళ్లలా కనిపించేవి నిజంగా వేళ్లు కావు, నీళ్లు పీల్చవు, రాయిని పట్టుకోవడమే వాటి పని. అర్చిన్ వచ్చి కొరికేది అక్కడే. ఆ పట్టు తెగిందా, పదిహేను ఇరవై మీటర్ల కెల్ప్ మొత్తం ఊడి తేలిపోతుంది. తిన్నది పిడికెడు, పోయింది ఒక చెట్టు.

మంచి రోజుల్లో అర్చిన్ అంత పని చేయదు. రాతి పగుళ్లలో కూర్చుని, కొట్టుకొచ్చిన కెల్ప్ ముక్కల్ని పట్టుకుని తింటుంది. రాలిన ఆకు తినే మేకలాగే. బయట కాపలా ఉంటుంది మరి. ఉత్తర అమెరికా పడమటి తీరంలో ఆ కాపలా ఇద్దరిది. ఒకటి సముద్రపు నీటికుక్క. కోరింగ మడ అడవుల్లో మనవాళ్లు చూసే నీటికుక్కకు చుట్టమే, ఇది సముద్రంలో ఉంటుంది. రెండోది పొద్దుతిరుగుడు నక్షత్రం అనదగ్గ సన్‌ఫ్లవర్ స్టార్. ఇరవైకి పైగా చేతులతో మీటరు వెడల్పు దాకా పెరిగే నక్షత్ర చేప.

మొదటి కాపలాదారును మనిషే తీసేశాడు. 1741లో రష్యా తరఫున బేరింగ్ చేసిన సముద్రయాత్ర తర్వాత నీటికుక్క చర్మాల వ్యాపారం మొదలై, 1911లో వేట ఆపేలా ఒప్పందం కుదిరేనాటికి వెయ్యో రెండు వేలో మిగిలాయి. 1970లలో జేమ్స్ ఎస్టెస్, జాన్ పాల్మిసానో అనే శాస్త్రజ్ఞులు అలాస్కాలోని అలూషన్ దీవుల్లో నీటికుక్కలు తిరిగొచ్చిన చోటునూ, ఇంకా రాని చోటునూ పోల్చి చూశారు. ఒకచోట దట్టమైన కెల్ప్. రెండోచోట రాళ్ల మీద పరిచినట్టు అర్చిన్లు, ఆకు లేదు. 1974లో అచ్చయిన ఆ పరిశీలన నాకు చాలా ఇష్టం, ఎందుకంటే మన బడి పుస్తకాల్లోని ఆహారపు గొలుసు బొమ్మను అది కుదిపేస్తుంది. గడ్డి, మిడత, కప్ప, పాము, డేగ అని బాణాలు గీయించి మార్కులేస్తాం. డేగను చెరిపేస్తే గడ్డి ఏమవుతుందో ఒక్క టీచరూ అడగడు. నేనూ చాలాకాలం అడగలేదు.

కాలిఫోర్నియా ఉత్తర తీరానికి నీటికుక్కలు తిరిగి రానేలేదు. అక్కడ భారమంతా నక్షత్రానిదే. 2013లో వాటికి ఒక జబ్బు తగిలింది. చేతులు మెలితిరిగి, ఊడి, రోజుల్లో ముద్దగా కరిగిపోయేవి. వెంటనే సముద్రం వేడెక్కింది. 2014 నుంచి 2016 దాకా సాగిన ఆ వేడినీటి మడుగును ‘బ్లాబ్’ అన్నారు. వెచ్చటి నీళ్లలో కెల్ప్‌కు ఎరువు చాలదు, ముక్కలు రాలడం తగ్గింది. పగుళ్లలోకి తిండి రావడం లేదు, బయట కాపలా లేదు. ఊదారంగు అర్చిన్లు బయటికి నడిచాయి. ఇంకో చిక్కు ఉంది. ఆ తీరంలో పెరిగే బుల్ కెల్ప్ ఏడాది పంట లాంటిది. ఏటా బీజాల నుంచి మళ్లీ మొలవాలి. అంటే అక్కడ వేపచెట్టు ఎప్పుడూ లేదు, ఏటా కొత్త మొక్కే, ఏటా కంచె కావాల్సిందే. కొన్నేళ్లలో 350 కిలోమీటర్ల పొడవునా 90 శాతానికి పైగా కెల్ప్ పోయింది. కెల్ప్ తిని బతికే అబలోన్ నత్తలు ఆకలితో చచ్చాయి. వాటి వేటను 2018లో మూసేశారు.

ఇప్పుడు ఆ కుర్రాడి ప్రశ్న. అబలోన్ చచ్చింది, అర్చిన్ ఎందుకు చావలేదు?

మేక పోలిక సరిగ్గా ఇక్కడే తెగిపోతుంది. మేక వెచ్చటి నెత్తురున్న జంతువు, ఒంటి వేడి నిలుపుకోవడానికే రోజూ కట్టెలు తగలేయాలి. అర్చిన్‌కు ఆ ఖర్చే లేదు. తిండి అందకపోతే మొదట గుడ్లు పెట్టే సంచుల్ని లోపలికి కరిగించుకుంటుంది. జపాన్ వాళ్లు ఊని అని ఇష్టంగా తినేది వాటినే. తర్వాత ఒంటి ఖర్చు తగ్గించేస్తుంది. రాళ్ల మీది పొరనూ, దొరికిన చెత్తనూ గీకుతూ ఏళ్ల తరబడి అలాగే ఉంటుంది. డైవర్లు వీటిని జాంబీ అర్చిన్లు అంటారు. ఒక్క కెల్ప్ మొలక తలెత్తిందా, చుట్టూ ఆకలి నోళ్లే. అందుకే ఆ బంజరు బంజరుగానే ఉండిపోతుంది.

అంతకన్నా తమాషా, ఆకలే వాటికి కవచం. పెంకు పగలగొడితే లోపల ఏమీ ఉండదు గనుక మనిషి కొనడు. నీటికుక్కా తినదు. కాలిఫోర్నియాలోనే మాంటెరే తీరంలో నీటికుక్కలున్నాయి. నక్షత్రాలు పోయాక అవి అర్చిన్లను మునుపటికన్నా మూడు రెట్లు తిన్నాయి, కానీ మిగిలిన కెల్ప్ మడుల్లో ఒళ్లు చేసినవాటినే ఏరుకున్నాయి. బంజరులోని డొల్లల్ని ముట్టలేదు. 2021లో ఆ లెక్కలు అచ్చయ్యాయి. రోజుకు తన బరువులో పావు వంతు తినాల్సిన జంతువు, ఉత్త పెంకు కోసం మునిగితే దానికి గిట్టుబాటు కాదు. అంటే నీటికుక్క ఉన్న అడవిని కాస్తుంది, పోయిన అడవిని తేలేదు. ఇక్కడా అదే రెండు లెక్కల తేడా.

ఇదంతా విని అర్చిన్లను పీడ అనుకోవద్దు. కరీబియన్‌లో కథ తిరగబడింది. 1983లో పనామా దగ్గర మొదలైన జబ్బుతో పొడవు ముళ్ల డయాడెమా అర్చిన్లు ఏడాదిలో దాదాపు తుడిచిపెట్టుకుపోయాయి. పగడాల మీది నాచును మేసేది అవే. అప్పటికే చేపల వేట మితిమీరి వేరే మేత జంతువులు మిగల్లేదు. జమైకాలో తుఫాన్లు కూడా తోడై, 1970ల చివర సగం దాకా ఉన్న పగడం 1990ల మొదటికి 3 శాతానికి పడిపోయింది, నాచు 92 శాతానికి చేరింది. ఆ ఊళ్లో మేకలు లేకే తోట పాడైంది.

మళ్లీ కాలిఫోర్నియాకు. ఆ కుర్రాడు ఇప్పుడు కనిపిస్తే ఇంకో సంగతి చెబుతాను. పొద్దుతిరుగుడు నక్షత్రానికి నీటికుక్కలా ఎంపిక లేదు. ట్యాంకుల్లో పెట్టి చూస్తే డొల్ల అర్చిన్లనూ తినేసింది, పైగా ఒళ్లు చేసినవాటికన్నా ఎక్కువే. వాటిని కరిగించిన జబ్బుకు కారణం విబ్రియో పెక్టెనిసిడా అనే బ్యాక్టీరియా అని 2025లో తేలింది. కలరా తెచ్చే విబ్రియోకు ఇది బంధువే. వాషింగ్టన్ రాష్ట్రంలోని ఫ్రైడే హార్బర్ ప్రయోగశాలలో ఈ నక్షత్రాల్ని గుడ్డు దశ నుంచి పెంచుతున్నారు. పిల్ల నక్షత్రం మొదట ఐదు చేతులతోనే మొదలై, పెరిగేకొద్దీ మిగతావి చేర్చుకుంటుంది.