కొసరుగా అమ్మిన ఆట

2024 ఏప్రిల్ 7న క్లీవ్‌ల్యాండ్‌లో అమెరికా మహిళల కాలేజీ బాస్కెట్‌బాల్ ఫైనల్ జరిగింది. సౌత్ కరోలైనా 87–75తో అయోవాను ఓడించి, 38 మ్యాచ్‌లలో ఒక్కటీ ఓడకుండా సీజన్ ముగించింది. టీవీలో సగటున 1.89 కోట్ల మంది చూశారు. మర్నాడు జరిగిన పురుషుల ఫైనల్‌ను చూసింది 1.48 కోట్ల మందే. ఆడవాళ్ళ ఫైనల్ మగవాళ్ళ ఫైనల్‌ను దాటడం అదే మొదటిసారి. మహిళల మ్యాచ్ కేబుల్ లేకుండానే అందే ఏబీసీ ఛానల్‌లో, పురుషులది కేబుల్ ఛానళ్ళలో వచ్చిందన్న మాట నిజమే. అయినా ఇన్నేళ్ళుగా లేని జనం ఒక్కసారిగా ఎక్కడి నుంచి వచ్చారు?

అంతా అయోవా స్టార్ కెయిట్లిన్ క్లార్క్ మహిమే అన్నారు చాలామంది. ఆమె మహిమ తక్కువేం కాదు. కానీ ఆమె పుట్టిన అయోవా రాష్ట్రానికి ఈ పిచ్చి కొత్త కాదు. అక్కడ హైస్కూల్ ఆడపిల్లలు 1993 దాకా జట్టుకు ఆరుగురు చొప్పున పాత పద్ధతిలోనే ఆడేవారు. ముగ్గురు బుట్టలో వేయాలి, ముగ్గురు అడ్డుకోవాలి, మధ్య గీత ఎవరూ దాటకూడదు. బంతిని రెండుసార్లు మించి నేలకు కొట్టకూడదు. పరుగెత్తితే ఆడపిల్లల ఒంటికి మంచిది కాదన్న పాత భయం నుంచి పుట్టిన రూల్స్ ఇవి. కాని ఆ రూల్స్‌తోనే చిన్న చిన్న ఊళ్ళు ఆటను నెత్తిన పెట్టుకున్నాయి. రాష్ట్ర పోటీలకు డి మొయిన్‌లోని పెద్ద ఆడిటోరియం కిటకిటలాడేది. అక్కడి డెనీస్ లాంగ్ అనే అమ్మాయిని 1969లో శాన్‌ఫ్రాన్సిస్కో వారియర్స్ జట్టు ఏకంగా మగవాళ్ళ ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌బీఏ డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు కొత్త ఆటగాళ్ళను ఏరుకునే చోట, ఎంచుకుంది. లీగ్ ఒప్పుకోలేదనుకోండి, అది వేరే సంగతి.

కాలేజీ ఆట మొదలైంది అంతకు చాలా ముందు. 1892లో స్మిత్ కాలేజీలో సెండా బెరెన్సన్ ఆడపిల్లలకు ఈ ఆట నేర్పింది. 1896లో స్టాన్‌ఫర్డ్, బర్క్‌లీ అమ్మాయిలు తలపడితే మగవాళ్ళను లోపలికి రానివ్వలేదు. స్టాన్‌ఫర్డ్ 2–1తో గెలిచింది!

దేశమంతటికీ కలిపి నిజమైన కాలేజీ చాంపియన్‌షిప్ రావడానికి 1972 దాకా ఆగాల్సి వచ్చింది. దాన్ని నడిపింది ఏఐఏడబ్ల్యూ, అంటే కాలేజీ మహిళా క్రీడల కోసం ఆడవాళ్ళే పెట్టుకున్న సంఘం. మొదటి మూడేళ్ళూ కప్పు కొట్టింది ఇమాక్యులాటా అనే చిన్న క్యాథలిక్ కాలేజీ. తొలి ఏడాది ఇల్లినాయ్ వెళ్ళడానికి చార్జీలు లేక అమ్మాయిలు టూత్‌బ్రష్‌లు అమ్మారు. అప్పటికీ జట్టులో అందరికీ సరిపడా డబ్బు రాలేదు, ఎనిమిది మందే వెళ్ళారు. ఆ జట్టు ఆడుతుంటే నన్స్ గ్యాలరీలో కూర్చుని ఇనుప బకెట్లు వాయించేవారు. 1975లో అదే జట్టు న్యూయార్క్‌లోని మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో ఆడితే దాదాపు 12 వేల మంది వచ్చారు. అంటే జనం అప్పుడే ఉన్నారు.

1972లోనే టైటిల్ నైన్ చట్టం వచ్చింది. ప్రభుత్వ నిధులు తీసుకునే విద్యాసంస్థల్లో ఆడా మగా తేడా చూపకూడదన్నది దాని సారం. మగవాళ్ళ కాలేజీ క్రీడల్ని నడిపే ఎన్‌సీఏఏ దీన్ని గట్టిగా ఎదిరించింది, 1976లో కోర్టుకూ ఎక్కింది. అక్కడ పని జరగలేదు. చివరికి అదే ఎన్‌సీఏఏ మహిళల పోటీల్ని తానే నడుపుతానంటూ ముందుకొచ్చింది. జట్ల ప్రయాణ ఖర్చులు తానే పెట్టుకుంటానంది. చేతిలో పైసా ఆడని కాలేజీలు ఇంకేం చేస్తాయి? 1982 మార్చి 28న రెండు ఫైనల్స్ ఒకే రోజు జరిగాయి. నార్ఫోక్‌లో ఎన్‌సీఏఏ పోటీలో లూసియానా టెక్ 76–62తో చెయ్నీని ఓడించింది, సీబీఎస్ టీవీ దాన్ని ప్రసారం చేసింది. ఫిలడెల్ఫియాలో ఏఐఏడబ్ల్యూ పోటీలో రట్గర్స్ 83–77తో టెక్సస్‌ను ఓడించింది. ఆ ఏడాదే ఏఐఏడబ్ల్యూ మూతబడింది. ఎన్‌సీఏఏ గుత్తాధిపత్యం చేస్తోందని కేసు వేసినా ఓడిపోయింది.

పోటీ తన చేతికొచ్చాక ఎన్‌సీఏఏ దాన్ని ఎలా అమ్మిందన్నదే అసలు కథ. అది పూర్తిగా బయటపడింది 2021లో. కోవిడ్ వల్ల మగవాళ్ళ జట్లన్నిటినీ ఇండియానాపోలిస్‌లో, ఆడవాళ్ళ జట్లను శాన్ ఆంటోనియోలో ఉంచారు. అక్కడ మగవాళ్ళకు హాలు నిండా జిమ్ సామాను. ఇక్కడ ఆడవాళ్ళకు ఒక్క స్టాండు మీద కొన్ని డంబెల్స్, కాసిని యోగా మ్యాట్లు. స్థలం చాలలేదని ఎన్‌సీఏఏ సర్దిచెప్పబోతే, ఒరెగాన్ క్రీడాకారిణి సెడోనా ప్రిన్స్ ఫోన్ కెమెరా తిప్పి ఖాళీగా పడి ఉన్న హాలును చూపించింది. ఆ చిన్న వీడియోతో దేశమంతా గోల.

ఎన్‌సీఏఏ నియమించిన న్యాయవాద సంస్థ ఆ ఆగస్టులో ఇచ్చిన నివేదిక జిమ్ దగ్గర ఆగలేదు, ఖాతాలు తిరగేసింది. మహిళల బాస్కెట్‌బాల్‌ను మరో 28 పోటీలతో కలిపి గంపగుత్తగా ఏడాదికి 3.4 కోట్ల డాలర్లకు ఈఎస్‌పీఎన్ అనే స్పోర్ట్స్ ఛానల్‌కు అమ్మేశారు. విడిగా అమ్మితే ఆ ఒక్క ఆటకే 2025 నాటికి ఏడాదికి 8.1 నుంచి 11.2 కోట్ల డాలర్లు రావచ్చని అంచనా. మార్చిలో మొదలయ్యే ఈ టోర్నీకి జనంలో పడ్డ 'మార్చ్ మ్యాడ్‌నెస్' అన్న పేరు కూడా అప్పటిదాకా మగవాళ్ళ పోటీకే వాడేవారు. మగవాళ్ళ జట్లు టోర్నీలో ఆడే మ్యాచ్‌ల లెక్కన 1991 నుంచి కాలేజీ సమాఖ్యలకు, వాటి ద్వారా కాలేజీలకు డబ్బు అందుతోంది. మహిళల జట్లు ఎన్ని గెలిచినా సున్నా. ఆ లెక్కలో ఏ కాలేజీ అయినా ఏ జట్టు మీద ఖర్చు పెడుతుందో చెప్పక్కర్లేదు. ఇదంతా చేసి, ఆడవాళ్ళ ఆటకు డబ్బు రాదని పైగా వాళ్ళే అనేవారు.

నివేదిక తర్వాత కొన్ని మారాయి. 2022లో మహిళల టోర్నీకీ మగవాళ్ళకులాగే 68 జట్లు, 'మార్చ్ మ్యాడ్‌నెస్' పేరూ వచ్చాయి. 2025 జనవరిలో మహిళల జట్లకూ మ్యాచ్‌ల లెక్కన వాటా ఇవ్వాలన్న ప్రతిపాదన 292–0తో నెగ్గింది. అసలు బేరం మాత్రం అంతకు ఏడాది ముందే, 2024 జనవరిలోనే ముగిసిపోయింది. మళ్ళీ ఈఎస్‌పీఎన్‌కే, మళ్ళీ గంపగుత్తగా, 40 పోటీలు కలిపి, ఎనిమిదేళ్ళకు 92 కోట్ల డాలర్లు. అందులో మహిళల బాస్కెట్‌బాల్ విలువ ఏడాదికి 6.5 కోట్లని ఎన్‌సీఏఏ లెక్కగట్టింది. నివేదిక వేసిన కనీస అంచనా కన్నా ఇది తక్కువ. మూడు నెలలు తిరిగేసరికే క్లీవ్‌ల్యాండ్ ఫైనల్ రికార్డు కొట్టింది.

క్లార్క్ వెళ్ళిపోయాక, 2025లో కనెటికట్ 82–59తో సౌత్ కరోలైనాను ఓడించిన ఫైనల్‌ను దాదాపు 85 లక్షల మంది చూశారు. సగానికి సగం పైనే పడిపోయిందని పెదవి విరిచినవాళ్ళున్నారు. 2022లో ఇదే ఫైనల్‌ను చూసింది 50 లక్షల లోపే. ఈఎస్‌పీఎన్‌తో ఆ గంపగుత్త ఒప్పందం 2032 దాకా నడుస్తుంది.