జోన్స్‌టౌన్: విషం కలపడానికి 20 ఏళ్ల ముందు నుంచీ

1978 నవంబర్ 18న దక్షిణ అమెరికాలోని గయానా అడవుల్లో, జోన్స్‌టౌన్ అనే చోట 900 మందికి పైగా చనిపోయారు. రంగు షర్బత్తులో సైనైడ్ కలిపారు. ఇప్పటికీ దాన్ని సామూహిక ఆత్మహత్య అనే రాస్తుంటారు. చనిపోయినవాళ్లలో 300 మందికి పైగా పిల్లలే. ముందు విషం పట్టించింది వాళ్లకే. దాన్ని ఆత్మహత్య అనడానికి నాకు మనసొప్పదు.

అంతమంది జిమ్ జోన్స్ అనే ఒక్క పాస్టర్ గుప్పిట్లోకి ఎలా వెళ్లారు? మొదట్లో అతను చేసినవి మంచి పనులే. 1950ల్లో, అమెరికాలోని ఇండియానాపోలిస్ నగరంలో నల్లవాళ్లు, తెల్లవాళ్లు ఒకే చర్చిలో కూర్చోవడమే వింత. జోన్స్ తన పీపుల్స్ టెంపుల్‌లో వాళ్లను పక్కపక్కనే కూర్చోబెట్టాడు, పేదలకు ఉచితంగా అన్నం పెట్టాడు. అక్కడికి చేరినవాళ్లలో చాలామంది వివక్షతో విసిగి, న్యాయం కోసం వచ్చినవాళ్లు. వాళ్లను తెలివితక్కువవాళ్లని తీసిపారేయడం అన్యాయం.

1965లో మకాం కాలిఫోర్నియాకు మారాక పట్టు బిగిసింది. రోగి ఒంట్లోంచి క్యాన్సర్ గడ్డ తీశానని చూపించేవాడు. నిజానికి అది కోడి కార్జం ముక్క. సభ్యులు ఇళ్లు రాసిచ్చారు, ముసలివాళ్లు పింఛను చెక్కులు అప్పగించారు. చేయని తప్పులు చేశామని కాగితాల మీద సంతకాలు పెట్టారు. సభల్లో ఒకరి తప్పులు ఇంకొకరు బయటపెట్టాలి, అందరి ముందూ దెబ్బలు తినాలి. ఇల్లు ఇచ్చేశాక, సొంతవాళ్లే నిఘా పెడుతుంటే, బయటికొచ్చి ఎక్కడికి పోతారు?

పైగా 1976లో శాన్‌ఫ్రాన్సిస్కో మేయర్ అతనికి నగర గృహనిర్మాణ సంస్థలో పదవి ఇచ్చాడు. పెద్దవాళ్లే నమ్మిన మనిషిని మామూలు సభ్యుడు ఎలా అనుమానిస్తాడు?

1977లో ఒక పత్రిక ఈ బాగోతం బయటపెట్టబోతుంటే జోన్స్ గయానాకు వెళ్లిపోయాడు. అక్కడ పాస్‌పోర్టులు లాక్కున్నారు, ఉత్తరాలు విప్పి చదివారు, లౌడ్‌స్పీకర్లలో పొద్దస్తమానం అతని గొంతే. రాత్రిళ్లు అందరినీ లేపి, ఇది విషం అని చెప్పి తాగించిన సందర్భాలూ ఉన్నాయి. తాగాక, పరీక్షించాను అనేవాడు.

చివరి గంటల్లో రికార్డయిన టేపు ఒకటి దొరికింది. అందులో ఒకావిడ లేచి, పిల్లలనైనా బతకనివ్వాలని వాదిస్తుంది. జోన్స్ ఆమెకు జవాబులు చెబుతుంటాడు. కసిరి ఆమె నోరు మూయించేది చుట్టూ ఉన్న సాటివాళ్లే.