బొమ్మల కొట్టు నుంచి బామ్మ పాత్రల దాకా: లిజ్ స్మిత్

బ్రిటిష్ టీవీ ప్రేక్షకులకు నటి లిజ్ స్మిత్ అంటే బామ్మ. ఆవిడ గురించి ఎవరు రాసినా, యాభయ్యో పడిలో పడబోతుండగా అదృష్టం తలుపు తట్టిందని మొదలుపెడతారు. నాకైతే అది సగం నిజమే అనిపిస్తుంది, ఎందుకంటే అప్పటికే ఎన్నో ఏళ్లుగా తలుపు కొడుతున్నది ఆవిడే.

1921లో ఇంగ్లండ్‌లోని స్కన్‌థార్ప్‌లో పుట్టింది. రెండేళ్లకే తల్లి పోయింది, తండ్రి దూరమయ్యాడు, బామ్మ దగ్గర పెరిగింది. యుద్ధంలో నౌకాదళ మహిళా విభాగంలో చేరి ఇండియా వచ్చింది, ఇక్కడ పరిచయమైన జాక్ థామస్‌ని 1945లో పెళ్లాడింది. 1959లో విడాకులు. ఇద్దరు పిల్లల్ని సాకడానికి దొరికిన ఉద్యోగమల్లా చేస్తూనే, లండన్‌లో చార్లెస్ మారొవిట్జ్ అనే దర్శకుడి బృందంలో స్క్రిప్టు లేకుండా అప్పటికప్పుడు పాత్రని అల్లుకునే నటన సాధన చేసింది. జీతం రాని ఈ చదువే తర్వాత అన్నం పెట్టింది.

హామ్లీస్ బొమ్మల షాపులో పనిచేస్తుండగా మైక్ లీ నుంచి కబురొచ్చింది. అప్పట్లో ఆయన కొత్త దర్శకుడు, రాసిన డైలాగులు ఇవ్వకుండా నటులతో కలిసి పాత్రల్ని తయారుచేసే మనిషి, అంటే సరిగ్గా ఆవిడకి వచ్చిన విద్యే ఆయనకి కావాలి. 1971లో 'బ్లీక్ మూమెంట్స్' సినిమా, 1973లో బీబీసీకి 'హార్డ్ లేబర్'. ఈ రెండో దాంట్లో ఇళ్లలో పాచిపని చేసే మిసెస్ థార్న్‌లీగా చేసింది. ఇంట్లోనూ బయటా అదే చాకిరీ, నోరెత్తని మనిషి. నవ్వించే బామ్మగా మాత్రమే ఆవిడ తెలిసినవాళ్లు ఇది తప్పకుండా చూడాలి.

ఆ తర్వాత అన్నీ తల్లులు, అత్తలు, బామ్మలే. 1984లో వచ్చిన 'ఎ ప్రైవేట్ ఫంక్షన్' సినిమాలో మ్యాగీ స్మిత్‌కి తల్లిగా వేసి బ్రిటన్ సినిమా అవార్డు బాఫ్టా కొట్టింది, నిజానికి ఇద్దరికీ తేడా 13 ఏళ్లే! (మన క్యారెక్టర్ ఆర్టిస్టులకి ఈ లెక్క కొత్తేమీ కాదు.) 'ద వికార్ ఆఫ్ డిబ్లీ' అనే టీవీ కామెడీలో నోట పెట్టలేని వంటలు చేసే లెటీషియాగా నవ్వించింది. 1998లో మొదలైన 'ద రాయిల్ ఫ్యామిలీ' టీవీ సీరియల్‌లో అల్లుడితో మాటలు పడుతూ ఆ ఇంటి సోఫా వదలని 'నానా' (అంటే అమ్మమ్మ) పాత్ర అయితే ఇంటింటికీ చేరింది.

ఆ నానా 2006 స్పెషల్ ఎపిసోడ్‌లో చనిపోతుంది. అప్పటికి లిజ్‌కి 84. పాత్ర వయసుని అందుకోవడానికి ఆవిడకి అంత కాలం పట్టింది.

2009లో వరసగా స్ట్రోక్‌లు రావడంతో నటన మానేసింది, 2016 డిసెంబర్ 24న కన్నుమూసింది.