పడినకొద్దీ అమ్మించే ధర

మామూలు సరుకు ధర పెరిగితే కొనేవాళ్లు తగ్గుతారు. షేర్ల దగ్గర ఈ లెక్క తరచూ తిరగబడుతుంది. పెరిగిన ధరే ఆశ పుట్టిస్తుంది, ఆ ఆశతో కొన్నవాళ్లు దాన్ని ఇంకా పైకి తోస్తారు. దీన్నే పాజిటివ్ ఫీడ్‌బ్యాక్ అంటారు. పేరులో పాజిటివ్ ఉంది గానీ ధర పడేటప్పుడూ ఇదే పనిచేస్తుంది.

కంపెనీ గురించి తెలియకపోవడం వల్లే జనం మోసపోతారనుకుంటాం. 1988లో ఆర్థికవేత్త వెర్నన్ స్మిత్ బృందం ప్రచురించిన ప్రయోగాలు చూస్తే అలా అనిపించదు. షేరుకు 15 విడతల్లో సగటున ఎంత డివిడెండ్ (షేరు ఉన్నవాళ్లకు ఇచ్చే డబ్బు) వస్తుందో పాల్గొన్నవాళ్లందరికీ ముందే చెప్పారు. విడత గడిచినకొద్దీ ఇంకా రావాల్సిన డివిడెండ్లు తగ్గుతాయి కాబట్టి విలువ తగ్గాలి. అయినా ధర చాలాసార్లు దాన్ని దాటిపోయి, చివర్లో కూలింది. విలువ తెలిసినా, తనకంటే ఎక్కువకు కొనేవాడు దొరుకుతాడన్న నమ్మకం ఉంటే చాలు.

పతనం దగ్గర కథ వేరు. నష్టం బాధ లాభం ఆనందానికి రెండింతలకు పైనే అని (2.25 రెట్లు) మనస్తత్వ శాస్త్రవేత్తలు ట్వెర్‌స్కీ, కానమన్ 1992లో అంచనా కట్టారు. అందుకే నష్టాన్ని ఒప్పుకుని షేరును అమ్మడానికి మనసు రాదు. సొంత డబ్బైతే అలా పట్టుకుని కూర్చోవచ్చు. అప్పు కూర్చోనివ్వదు.

100 సొంతం, 100 అప్పు పెట్టి 200 విలువైన షేర్లు కొన్నారనుకోండి. ధర 20 శాతం పడితే వాటి విలువ 160. అప్పు 100 అలాగే ఉంది కాబట్టి మీ వాటా 60, అంటే 37.5 శాతం. వాటా కనీసం 40 శాతం ఉండాలన్నది బ్రోకర్ షరతు అయితే మార్జిన్ కాల్ వస్తుంది, అంటే డబ్బు కట్టు లేదా షేర్లు అమ్ము అన్న పిలుపు. చేతిలో నగదు లేక, వాటాను మళ్లీ సగానికి తేవాలంటే 40 విలువైనవి, అంటే ఉన్నవాటిలో పావు వంతు అమ్మాలి. ఆ అమ్మకం ధరను ఇంకాస్త దించితే పక్కవాడికీ కాల్ వస్తుంది. కొనేవాళ్లు లేని షేరును వదిలి, తేలిగ్గా అమ్ముడుపోయే మంచి షేరును అమ్మేవాళ్లూ ఉంటారు. ఏ తప్పూ చేయని కంపెనీ కూడా పడేది అలాగే.

1987 అక్టోబర్ 19న అమెరికా షేర్ల సూచీ డౌ జోన్స్ ఒక్కరోజులో 22.6 శాతం పడింది. ధర దిగినకొద్దీ ఫ్యూచర్స్ (ముందు తేదీకి ఇప్పుడే ధర కుదుర్చుకునే ఒప్పందాలు) అమ్మమని చెప్పే ‘పోర్ట్‌ఫోలియో ఇన్సూరెన్స్’ ఆ వేగానికి ఒక కారణం. ఒక్కడు వాడితే అది బీమా, అందరూ వాడితే తొక్కిసలాట.

2010 మే 6న అదే సూచీ నిమిషాల్లో కుప్పకూలింది. షికాగో ఎక్స్ఛేంజ్‌లో, మరో అమెరికా షేర్ల సూచీ మీద నడిచే ఈ-మినీ ఫ్యూచర్స్ ట్రేడింగ్ కేవలం 5 సెకన్లు ఆగింది. మళ్లీ మొదలయ్యాక అమ్మకాల ఒత్తిడి తగ్గి, ధర నిలబడి, పైకి తిరిగింది.