తుంగభద్ర ఎల్లగా మారిన వైనం

కర్నూలు దాటి హైదరాబాద్ దారి పట్టగానే తుంగభద్ర వంతెన వస్తుంది. అవతలి గట్టు తెలంగాణ. 2021 మేలో కరోనా రెండో వేవ్ ముదిరినప్పుడు ఆంధ్ర నుంచి వెళ్లే అంబులెన్సులను ఆ గట్టునే, పుల్లూరు టోల్‌ప్లాజా దగ్గర ఆపేశారు. తుంగభద్ర మీది రాజోలిబండ ఆనకట్ట తూముల దగ్గర కర్నూలు, గద్వాల రైతుల గొడవైతే ఇంకా పాతది. వీటన్నిటికీ 2014 విభజనే కారణమని మాట్లాడుకుంటాం గానీ, నదిని ఎల్లగా చేసిన కాగితం మీద తేదీ 1800 అక్టోబర్ 12. మైసూరు రాజ్యాన్ని ఈస్టిండియా కంపెనీ, నిజాం, మరాఠాలు పంచుకున్నాక, ఆ పంపకంలో చివరి లెక్క సరిచేసుకున్న ఒప్పందం అది.

మైసూరును ఏలిన హైదర్ అలీ 1776లో మురారిరావు ఘోర్పడే నుంచి గుత్తి కోటను, ఆ తర్వాత మూడు నాలుగేళ్లకు కడప నవాబు అబ్దుల్ హలీంఖాన్ నుంచి సిద్ధవటాన్ని తీసుకున్నాడు. 1786లో ఆయన కొడుకు టిప్పు ఆదోని కోటను కూడా పట్టాడు, అది మళ్లీ నిజాం వైపే వచ్చింది. కర్నూలు నవాబు ఎవరు బలంగా ఉంటే వాళ్లకు పేష్కష్ (కప్పం) కడుతూ నెట్టుకొచ్చాడు. తుంగభద్ర కోసం బహమనీలు, విజయనగర రాజులు ఎన్ని యుద్ధాలు చేశారో మనకు తెలుసు. కానీ గెలిచినవాడు నది దాటేవాడు, ఓడినవాడు వెనక్కి వచ్చేవాడు. ఎల్ల ఒకచోట నిలిచింది లేదు.

1790లో ఈస్టిండియా కంపెనీ, నిజాం, మరాఠాలు ఒక్కటయ్యారు. ముగ్గురికీ ఒకరంటే ఒకరికి నమ్మకం లేదు, కానీ ముగ్గురికీ టిప్పు అంటే భయం. 1792 మార్చిలో శ్రీరంగపట్నం సంధి కుదిరింది. టిప్పు సగం రాజ్యం వదులుకోవాలి, 3 కోట్ల 30 లక్షల రూపాయలు కట్టాలి, అంతవరకు ఇద్దరు కొడుకులు కంపెనీ దగ్గర తాకట్టు. ఆ సగం రాజ్యాన్ని పంచుకున్న తీరు చూడండి. ఏ వాగు ఎటు, ఏ భాషవాళ్లు ఎటు అన్న ప్రశ్నే రాలేదు. టిప్పు దఫ్తరులో తాలూకాల వారీగా ఉన్న శిస్తు లెక్కలు తెప్పించి, ఒక్కొక్కరికి దాదాపు 13 లక్షల వరహాల ఆదాయం వచ్చేలా మూడు భాగాలు చేశారు. కడప, సిద్ధవటం, గండికోట నిజాం వాటాలో పడ్డాయి. గుత్తి టిప్పుకే మిగిలింది.

1795లో ఖర్దా దగ్గర మరాఠాలు నిజాంను చిత్తుగా ఓడించారు. అంతకు ముందు మూడేళ్ల క్రితమే ఇద్దరూ ఒకే విస్తట్లో తిన్నవాళ్లు. ఆ దెబ్బతో నిజాం అలీఖాన్ కంపెనీ నీడ వెతుక్కున్నాడు. 1798 సెప్టెంబర్‌లో తన ఫ్రెంచి పటాలాన్ని రద్దు చేసి, కంపెనీ సైన్యాన్ని తన ఖర్చుతో పెట్టుకోవడానికి సంతకం చేశాడు. పిట్టపోరు పిల్లి తీర్చడమంటే అచ్చంగా ఇదే.

1799 మే 4న టిప్పు చనిపోయాడు. జూన్ 22న రెండో పంపకం రాసుకున్నారు. ఈసారీ లెక్క వరహాల్లోనే. టిప్పు కుటుంబ పోషణ ఖర్చు తీసేస్తే కంపెనీకి మిగిలింది 5,37,170. టిప్పు సేనాని మీర్ ఖమరుద్దీన్‌కు ఇచ్చిన గుర్రంకొండ జాగీరు తీసేస్తే నిజాంకు మిగిలింది 5,37,332. తేడా 162 వరహాలు! అన్నదమ్ములు కూడా ఇంత పట్టింపుగా పంచుకోరు. గుత్తి, గుర్రంకొండ నిజాంకు వెళ్లాయి. మరాఠాల పీష్వాకు షరతులతో కొంత ఇవ్వబోతే ఆయన వద్దన్నాడు. అందులోనూ మూడింట రెండు వంతులు నిజాంకే చేరాయి. నడుమ మిగిలిన మైసూరులో ఐదేళ్ల ఒడయార్ పిల్లవాణ్ణి గద్దె మీద కూర్చోబెట్టారు.

నిజాం ఈ సంపాదనను ఏడాదిన్నర కూడా అనుభవించలేదు. కంపెనీ సైన్యం పెరిగింది, జీతాల బాకీ పెరిగింది. 1800 ఒప్పందంలో ఆయన 1792లో, 1799లో వచ్చిందంతా కంపెనీకి శాశ్వతంగా రాసిచ్చేశాడు. టిప్పు నేల ఇలా నిజాం మీదుగా తిరిగి కంపెనీకి చేరింది.

మన కథకు కీలకం ఆ ఒప్పందంలోని సర్దుబాటు. ఎల్ల స్పష్టంగా ఉండాలని మార్పిడి పెట్టుకున్నారు. నదికి ఉత్తరాన ఉన్న కొప్పళ, గజేంద్రగడ లాంటివి నిజాం ఉంచుకోవాలి. బదులుగా నదికి దక్షిణాన, మైసూరు పంపకంతో ఏ సంబంధమూ లేని తన పాత ఆదోనిని ఇచ్చేయాలి. తుంగభద్ర, అది కృష్ణలో కలిశాక కృష్ణ, హద్దు. ఆదోని, అలంపురం అప్పటిదాకా ఒకే నిజాం కింద ఉన్నవే. ఆ రోజు నుంచి వేరైపోయాయి.

ఇటు గట్టుకు కలెక్టరుగా థామస్ మన్రో వచ్చాడు. అనంతపురంలో మకాం పెట్టాడు. ఎనభై మంది దాకా ఉన్న పాలెగాళ్లను సైన్యంతో అణిచాడు, 33 అడుగుల గొలుసుతో పొలం పొలం కొలిపించాడు, శిస్తు రైతు పేరునే కట్టించాడు. 1807లో వెళ్లిపోతూ శిస్తు నాలుగో వంతు తగ్గించమని రాస్తే పైవాళ్లు వినలేదు. ఆయన మద్రాసు గవర్నరయ్యాక గానీ అది జరగలేదు. 1827లో పత్తికొండలో కలరాతో చనిపోయాడు. ఆయన్ను మనవాళ్లు దేవుడంతటివాణ్ణి చేశారు. నా లెక్కలో మంచి అధికారే, అయితే కంపెనీ ఆయన్ను పంపింది సైన్యం జీతాలు వసూలు చేయడానికి. ఆ పాలెగాళ్ల వారసుల్లో ఒకడైన ఉయ్యాలవాడ నరసింహారెడ్డిని 1847లో కోయిలకుంట్లలో ఉరితీశారు. కర్నూలు నవాబు గులాం రసూల్‌ఖాన్ దగ్గర ఆయుధాలు బయటపడ్డాయని 1839లో ఆ సంస్థానాన్నీ కలిపేసుకున్నారు.

అటు హైదరాబాద్, ఇటు మద్రాసు. నూట యాభై ఏళ్లకు పైగా అదే లెక్క. నది మీద ఎవరేం కట్టాలన్నా అవతలి ప్రభుత్వం ఒప్పుకోవాలి. తుంగభద్ర డ్యామ్‌కు 1945 ఫిబ్రవరి 28న రెండు శంకుస్థాపనలు జరిగాయి. ఎడమ గట్టున నిజాం కొడుకు బేరార్ యువరాజు, కుడి గట్టున మద్రాసు గవర్నర్ ఆర్థర్ హోప్. ఒకే ఆనకట్టకు! 1953లో బళ్లారి జిల్లాను విడదీసినప్పుడు ఆదోని, ఆలూరు, రాయదుర్గం మనకు వచ్చాయి, డ్యామ్ ఉన్న హోస్పేట మైసూరుకు పోయింది. కుడి గట్టు తరఫున అడిగిన మద్రాసు స్థానంలో ఆంధ్ర, మైసూరు ఇద్దరు వచ్చారు.

రాజోలిబండ కూడా ఆ పాత ఎడమ గట్టు ఏర్పాటే. హైదరాబాద్ రాష్ట్రం తన వైపు పొలాలకు మొదలుపెట్టిన ఆనకట్ట. కింద సుంకేసుల దగ్గర మద్రాసు వైపు కేసీ (కర్నూలు-కడప) కాలువ. పైన నీళ్లు ఆపితే కింద కాలువ ఎండుతుంది, తూములు తెరిస్తే పైన కాలువ ఎండుతుంది. 1956లో రెండు గట్లూ ఒకే రాష్ట్రంలోకి వచ్చినా ఈ తగువు తీరలేదు. 2014లో నది మళ్లీ రాష్ట్రాల హద్దయింది. అంతకు ఏడాది ముందు కృష్ణా జలాల పంపకం చూసే బ్రిజేశ్‌కుమార్ ట్రైబ్యునల్ రాజోలిబండ కుడి కాలువకు 4 టీఎంసీలు కేటాయించింది. 2021లో ఆంధ్రప్రదేశ్ ఆ కాలువ పని మొదలుపెడితే, అది అక్రమమని తెలంగాణ కృష్ణా బోర్డుకు ఫిర్యాదు చేసింది.